తోడు ఎంత, ఎప్పటిది: అర లీటరు గిన్నెల ప్రాజెక్టు డైరీ

"గోరువెచ్చని పాలలో చెంచాడు తోడు వేసి రాత్రంతా కదపకుండా ఉంచండి." పెరుగు గురించి ఎవరిని అడిగినా వచ్చే జవాబు ఇదే. ఇందులో కొలత ఒక్కటీ లేదు. గోరువెచ్చన అంటే ఎన్ని డిగ్రీలు, చెంచా అంటే ఎన్ని గ్రాములు, ఆ తోడు నిన్నటిదా పోయిన వారానిదా, రాత్రంటే ఎన్ని గంటలు? ఈ నాలుగింటినీ విడివిడిగా కొలిచాం. ఒక్కో దశలో ఒక్కటే మార్చి, మిగతావన్నీ అలాగే ఉంచాం. డిగ్రీలన్నీ సెల్సియస్.

మాటలు ముందే తేల్చుకుంటే తర్వాత గందరగోళం ఉండదు.

తోడు: పాలలో కలిపే పాత పెరుగు. చేమిరి అనే మాట కూడా ఉంది. డెయిరీల్లో స్టార్టర్ అంటారు.
తోడు పెట్టడం: ఆ పెరుగును పాలలో కలిపే పని.
తోడుకోవడం: పాలు పెరుగుగా పేరుకోవడం. ఈ డైరీలో పీహెచ్ (పులుపు కొలత, అంకె తగ్గేకొద్దీ పులుపు ఎక్కువ) 4.6కి దిగిన క్షణాన్నే తోడుకున్నట్టు లెక్క. పాలలోని కేసిన్ ప్రొటీన్ పూర్తిగా గడ్డకట్టేది అక్కడే.
తోడు శాతం: పాల బరువులో తోడు బరువు ఎంత. చెంచాలతో చెప్పేది శాతం కాదు.

పాత దఫాలోంచి కొంచెం తీసి కొత్త దఫాకు వేసే ఈ పద్ధతికి ఇంగ్లీషు పుస్తకాల్లో బ్యాక్‌స్లాపింగ్ అని పేరు. తరవాణి కుండ నడిచేదీ, సార్‌డో రొట్టె నడిచేదీ దీనిమీదే. ఇడ్లీ పిండికి మాత్రం ఇది అక్కర్లేదు. మినప్పప్పుతోపాటే ల్యూకోనోస్టాక్ బాక్టీరియా పిండిలోకి వచ్చేస్తుంది. పాత పిండి కలిపితే పులుపు త్వరగా వస్తుందేమోగానీ, పొంగు అంతకంటే బాగా వస్తుందని ఆశపడొద్దు.

దశ 1: పనిముట్లు, స్థిరమైన పద్ధతి

0.1 గ్రాము చూపే చిన్న తూకం, 1 గ్రాము చూపే వంటింటి తూకం, మొన ఉన్న డిజిటల్ థర్మామీటరు, పెన్ను లాంటి పీహెచ్ మీటరు, ఒకే సైజు స్టీలు గిన్నెలు, మూతలు, ఒక థర్మోకోల్ పెట్టె, రెండు వేడినీళ్ల సీసాలు.

పీహెచ్ పెన్నును ప్రతి దశకూ ముందు 4.01, 6.86 బఫర్ ద్రావణాలతో (పీహెచ్ ముందే తెలిసినవి) సరిచూడాలి. పెరుగులో ముంచిన మొన మీద కొవ్వు పొర అంటుకుంటే అంకె నిలకడ తప్పుతుంది. ఒక్కో కొలతకూ గోరువెచ్చని నీళ్లలో కడిగి, మెత్తటి కాగితంతో అద్దాలి. తుడిస్తే మొన పాడవుతుంది.

అన్ని దశలకూ ఇదే పద్ధతి:

1. టోన్డ్ పాలు (కొవ్వు 3.0 శాతం, కొవ్వు కాని ఘనపదార్థం 8.5 శాతం) అర లీటరు ప్యాకెట్. తూకంలో 515 గ్రాములు.
2. మూతపెట్టి 90 డిగ్రీలకు తెచ్చి, 10 నిమిషాలు అక్కడే ఉంచడం.
3. మళ్లీ తూచడం. ఆవిరైన బరువును కాచిన వేడినీళ్లతో భర్తీ చేయడం. ఈ మెట్టు వదిలేస్తే ఒక గిన్నెలో పాలు చిక్కబడి, ఆ గట్టిదనం తోడు గొప్పదనంగా కనిపిస్తుంది.
4. చన్నీళ్ల పళ్లెంలో గిన్నె పెట్టి 42 డిగ్రీలకు దించడం.
5. తోడును రెండు చెంచాల గోరువెచ్చని పాలతో ఉండల్లేకుండా గిలక్కొట్టి, గిన్నెలో పోసి, అడుగునుంచి పదిసార్లు తిప్పడం.
6. పెట్టెలో పెట్టి మూత వేయడం. మూడో గంట తర్వాత గంటకోసారి, పీహెచ్ 5 దాటి కిందికి దిగాక పావుగంటకోసారి కొలవడం. కొలతకు పక్కన ఒక చిన్న గిన్నెలో అవే పాలు 50 గ్రాములు. పెద్ద గిన్నెను కదపకూడదు.

ఇక చెంచా సంగతి. టీ చెంచాతో పెరుగును గీసి సమంగా తీస్తే 5 గ్రాములు. గట్టి పెరుగును గుబురుగా తీస్తే అదే చెంచా 9 గ్రాములు. తేట ఎక్కువున్న పెరుగైతే 4.5. ఒకే చెంచా రెట్టింపు తేడా చూపుతోంది కాబట్టి ఇకమీదట గ్రాములే.

ఇప్పటిదాకా: పాలు 0 లీటర్లు, గిన్నెలు 0, పారబోసింది 0.

దశ 2: తోడు ఎంత

ముందురోజు తోడుకున్న పెరుగు, 42 డిగ్రీలు, నాలుగు గిన్నెలు.

0.5 శాతం (2.6 గ్రా.): 6 గం. 30 ని.
2 శాతం (10.3 గ్రా.): 5 గం.
5 శాతం (26 గ్రా.): 4 గం.
10 శాతం (51 గ్రా.): 3 గం. 15 ని.

అంకెల్ని జాగ్రత్తగా చూడండి. తోడు రెట్టింపు చేసిన ప్రతిసారీ కలిసొచ్చేది దాదాపు 45 నిమిషాలే. 5 నుంచి 10 శాతానికి పోయినప్పుడు ముప్పావుగంట, 0.5 నుంచి 2కు పోయినప్పుడు (రెండు రెట్టింపులు) గంటన్నర. బాక్టీరియా రెట్టింపవుతూ పెరుగుతుంది, మనం ఎక్కువ వేస్తే ఆ రెట్టింపుల్లో ఒకటో రెండో తగ్గుతాయి, అంతే. "అర్జెంటుగా పెరుగు కావాలి, గరిటెడు తోడు వెయ్యి" అనే సలహాలో పస లేదు.

పైగా నష్టం కూడా ఉంది. 10 శాతం గిన్నెలో అంచులెంట తేట చేరింది, నాలుక మీద సన్నటి రవ్వ తగిలింది. పులుపు వేగంగా దిగితే ప్రొటీన్ అల్లిక కుదురుకునే తీరిక ఉండదు, ముతకగా ముడుచుకుని నీటిని వదిలేస్తుంది. దానికితోడు 51 గ్రాముల పాత పెరుగు తెచ్చే పులుపు వేరే. ఫ్రిజ్‌లోంచి నేరుగా తీసి వేస్తే ఆ చల్లదనమే పాలను 3 డిగ్రీలు కిందికి లాగుతుంది. ఈ దఫాలో తోడును ముందే గది వేడికి తెచ్చాం కాబట్టి ఆ లెక్క ఇందులో లేదు.

0.5 శాతం గిన్నె చూపుకు అన్నిటికంటే నునుపుగా ఉంది. అయినా దాన్ని సిఫారసు చేయం. పీహెచ్ 5 కిందికి దిగేదాకా పాలు రక్షణ లేకుండా వెచ్చగా కూర్చుంటాయి. గరిటె నుంచో మూత నుంచో పడిన వేరే సూక్ష్మజీవికి, 2 శాతం కంటే అదనంగా పట్టిన ఆ గంటన్నర చాలు.

ఖాయం చేసింది: 2 శాతం. అర లీటరుకు 10 గ్రాములు.

ఇప్పటిదాకా: పాలు 2 లీటర్లు, గిన్నెలు 4, పారబోసింది 0 (10 శాతం గిన్నె మజ్జిగైంది).

దశ 3: ఎంత వేడి

2 శాతం తోడు, నాలుగు వేర్వేరు వేడిమిలు. పెట్టె వేడిని సీసాలతో నిలబెట్టాం.

30 డిగ్రీలు: 11 గంటలు. మెత్తన, పులుపు తక్కువ, వెన్న వాసన.
37 డిగ్రీలు: 6 గం. 15 ని.
42 డిగ్రీలు: 5 గం. 5 ని.
55 డిగ్రీలు: 8 గంటల తర్వాత కూడా పాలే. పీహెచ్ 6.3. పారబోశాం.

ఇంటి పెరుగులో రెండు గుంపుల బాక్టీరియా కలిసి ఉంటుంది. లాక్టోకాకస్ వంటివి 25 నుంచి 30 డిగ్రీల దగ్గర హుషారు. స్ట్రెప్టోకాకస్ థర్మోఫిలస్, లాక్టోబాసిల్లస్ బల్గారికస్ జంట 40 దాటాక హుషారు. మనం ఎంచుకున్న వేడే ఏ గుంపు గెలవాలో నిర్ణయిస్తుంది. అందుకే ఒకే తోడు ఎండాకాలం ఒక రుచి, చలికాలం ఇంకో రుచి ఇస్తుంది. తోడు మారలేదు, అందులో పైచేయి మారింది.

థర్మామీటరు లేనివాళ్లకు: చిటికెనవేలు పాలలో ముంచి, చురుక్కుమనకుండా పది లెక్కపెట్టగలిగితే దాదాపు 45 లోపే. వేలు వెంటనే వెనక్కి తీయాలనిపిస్తే ఆగాలి. మీగడ కట్టిన పాలతో ఇంకో జాగ్రత్త ఉంది: పైన 41 చూపిన గిన్నెలో అడుగున 47 ఉంది. తిప్పి కొలవాలి.

వేయడం 42 దగ్గరే వేసినా, ఆ తర్వాత గిన్నెను ఎక్కడ పెట్టామన్నదాన్ని బట్టి అంతా మారుతుంది. 22 డిగ్రీల గదిలో స్టీలు గిన్నెను గట్టుమీద వదిలేస్తే రెండు గంటల్లోపే 30కి పడిపోయింది. పెట్టెలో, పక్కన ఒక వేడినీళ్ల సీసా ఉంటే, ఆరు గంటలకు 38. హైదరాబాదులో డిసెంబరు రాత్రి పెరుగు తోడుకోలేదంటే తోడును అనుమానించే ముందు గిన్నెను అనుమానించాలి. హాట్‌ప్యాక్ గిన్నె, బియ్యం డబ్బా, దుప్పటి, ఏదైనా పనిచేస్తుంది. అమెరికాలో ఉండేవాళ్లు ఓవెన్‌లో లైటు వేసి పెడుతుంటారు. మంచి ఉపాయమే, కానీ కొన్ని ఓవెన్లలో ఆ బల్బు ఒక్కటే 45 దాటిస్తుంది, కొన్నిటిలో 30 దాటదు. ఒక గిన్నెడు నీళ్లు పెట్టి నాలుగు గంటల తర్వాత కొలిచాకే పాలు పెట్టండి.

ఇప్పటిదాకా: పాలు 4 లీటర్లు, గిన్నెలు 8, పారబోసింది అర లీటరు.

దశ 4: తోడు వయసు

ఈ ప్రాజెక్టులో అసలు దశ ఇది. ఒకే గిన్నె పెరుగును నాలుగు డబ్బాల్లోకి పంచి, నాలుగు రకాలుగా దాచి, ఒక్కోదాన్ని దాని సమయానికి 2 శాతం లెక్కన 42 డిగ్రీల పాలలో వేశాం.

క. తోడుకున్నాక ఫ్రిజ్‌లో 12 గంటలు (తోడు పీహెచ్ 4.4): 4 గం. 50 ని.
ఖ. ఫ్రిజ్‌లో 4 రోజులు (4.2): 5 గం. 20 ని.
గ. ఫ్రిజ్‌లో 9 రోజులు (4.0): 6 గం. 40 ని.
ఘ. గట్టుమీద ఒక రోజంతా (3.8): 7 గంటలు.

దశ 2తో పోల్చండి. తొమ్మిది రోజుల తోడు 2 శాతం వేస్తే, తాజా తోడు 0.5 శాతం వేసినంత నెమ్మది. అంటే తూకంలో 10 గ్రాములున్నా, అందులో పనిచేయగల బాక్టీరియా 2 గ్రాములదే అన్నమాట. తోడు శాతం అనే అంకెకు వయసు పక్కన లేకపోతే అర్థమే లేదు.

'ఘ' గిన్నె ఇంకో పాఠం. నెమ్మదిగా తోడుకోవడమే కాదు, తోడుకున్నాక గట్టి పులుపు, ముతక. థర్మోఫిలస్, బల్గారికస్ ఒకదానికొకటి ఆసరా: బల్గారికస్ పాల ప్రొటీన్‌ను విరిచి చిన్న ముక్కలు అందిస్తే, థర్మోఫిలస్ ఫార్మిక్ ఆమ్లం, కార్బన్ డయాక్సైడ్ అందిస్తుంది. మొదలుపెట్టేది థర్మోఫిలస్, ముగించేది బల్గారికస్. పీహెచ్ 4 కిందికి వెళ్తే మొదటిది చతికిలబడుతుంది, పులుపు ఓర్చుకునే రెండోది మిగులుతుంది. అలాంటి తోడు వేస్తే మొదలు ఆలస్యం, చివర పులుపు అతి. "పులిసిన తోడైతే బాగా తోడుకుంటుంది" అనేవాళ్లకు ఈ గిన్నె తినిపించాలి.

దీని తర్వాత పద్ధతిలో మార్పులు:

1. పీహెచ్ 4.6 తగలగానే, అంటే పెరుగు గిన్నెను వంచితే అంచునుంచి ముక్కగా విడివడే దశలో, ముందు తోడు తీసి దాచడం. తినడం తర్వాత.
2. మరుగునీళ్లలో ముంచిన పొడి చెంచా. పై మీగడ పక్కకు జరిపి నడుమ పొరలోంచి 30 గ్రాములు. పై పొరలో గాలి తగిలే ఈస్టు, బూజు ముందు చేరతాయి. అడుగున తేట ఎక్కువ.
3. చిన్న గాజు సీసాలో నిండా, పైన ఖాళీ లేకుండా. ఫ్రిజ్ తలుపులో కాదు, లోపలి అరలో.
4. సీసా మీద తేదీ. నాలుగు రోజులు దాటితే 3 శాతం వేయాలి, వారం దాటితే తోడుగా వాడొద్దు.

ఇప్పటిదాకా: పాలు 6 లీటర్లు, గిన్నెలు 12, పారబోసింది అర లీటరు ('ఘ' గిన్నె మజ్జిగపులుసుకు పోయింది).

దశ 5: పాల వంతు

గట్టి పెరుగు రాలేదంటే నింద తోడుమీదే పడుతుంది. ఈ దశలో తోడు అన్నిటికీ ఒకటే. తోడుకున్నాక 100 గ్రాముల పెరుగును నూలుగుడ్డ పరిచిన జల్లెడలో అరగంట ఉంచి, కారిన తేటను తూచాం.

టోన్డ్, 45 డిగ్రీలకు వేడిచేసి వేసింది: 38 గ్రా.
టోన్డ్, పొంగు రాగానే దించింది: 30 గ్రా.
టోన్డ్, 90 దగ్గర 10 నిమిషాలు: 22 గ్రా.
ఫుల్ క్రీమ్ (కొవ్వు 6, ఇతర ఘనపదార్థం 9 శాతం), 90 దగ్గర 10 నిమిషాలు: 14 గ్రా.

ప్యాకెట్ పాలు ముందే పాశ్చరైజ్ అయినవే కదా, మళ్లీ కాచడం దేనికి అని అడుగుతారు. పాశ్చరైజేషన్ 72 డిగ్రీల దగ్గర 15 సెకన్లే. రోగకారకాలు చావడానికి అది సరిపోతుంది. పెరుగు గట్టిపడాలంటే తేటలోని బీటా లాక్టోగ్లోబ్యులిన్ అనే ప్రొటీన్ విప్పుకుని కేసిన్‌కు అతుక్కోవాలి, దానికి 85 పైన నిమిషాల కొద్దీ కావాలి. పాలు సన్నసెగ మీద చాలాసేపు మరిగించే పాత అలవాటు చేసిన పని ఇదే.

టోన్డ్ పాలే ఉంటే అర లీటరుకు 10 గ్రాముల స్కిమ్డ్ పాలపొడి, కాచే ముందే, చల్లని పాలలో కలపాలి. వేడి పాలలో వేస్తే ఉండ కడుతుంది.

అసలు తోడుకోకుండా పాలు పాలలాగే ఉండిపోతే, అదే తోడును ఇంకో రకం పాలలో వేసి చూడాలి. రెండోది తోడుకుంటే లోపం మొదటి పాలది. పశువుకిచ్చిన యాంటీబయాటిక్ మందు పాలలో మిగిలితే థర్మోఫిలస్ చాలా తక్కువ మోతాదుకే ఆగిపోతుంది, కాచినంత మాత్రాన ఆ మందు పోదు.

ఇప్పటిదాకా: పాలు 8 లీటర్లు, గిన్నెలు 16, పారబోసింది అర లీటరు.

దశ 6: తరం తర్వాత తరం

రెండు వరసలు: ఒకటి ఇంటి పెరుగుతో, రెండోది దుకాణంలో కొన్న ప్యాకెట్ పెరుగుతో. ముందు గిన్నె పెరుగే తర్వాతి గిన్నెకు తోడు, అదే ఒక తరం. ఒక్కో తరానికి 200 మి.లీ. పాలు, 4 గ్రాముల తోడు. పది తరాలు. గిన్నె చిన్నది కాబట్టి వేడి త్వరగా పోతుంది, పెట్టెలో రెండు సీసాలు పెట్టాం.

ఇంటి వరస పదో తరానికీ 5 గంటల 10 నిమిషాలు దాటలేదు. దాని గురించి ఇంతకంటే రాయాల్సింది లేదు.

ప్యాకెట్ వరస మొదటి తరం బ్రహ్మాండం. 4 గంటల 40 నిమిషాలు, అద్దంలాంటి పెరుగు. ఐదో తరానికి 6 గంటలు. ఏడో తరంలో చెంచా ఎత్తితే తీగ సాగింది. డెయిరీలు ఈ తోడును తరాల కోసం తయారుచేయవు. ఎండబెట్టిన బాక్టీరియా పొడిని (కల్చర్) నేరుగా పాలలో వేసే పద్ధతిలో, ప్రతి దఫాకూ కొత్త పొట్లం వాడతాయి. దుకాణంలో రోజుల తరబడి ఉన్నా పులుపు పెరగకుండా ఉండేలా ఏరిన కొద్ది రకాలే అందులో ఉంటాయి. ఇంట్లో తరాలు గడిచేకొద్దీ వాటి నిష్పత్తి చెదురుతుంది, వంటింటి బాక్టీరియా చోటు దొరకబుచ్చుకుంటుంది.

తీగ సాగడం చెడిపోవడం కాదు. కొన్ని రకాల బాక్టీరియా చక్కెరలతో జిగురు నేస్తుంది, వేడి తక్కువైతే ఎక్కువ నేస్తుంది. 8, 9 తరాల్ని 43 దగ్గర గట్టిగా నిలబెడితే తీగ చాలావరకు పోయింది. పదో తరంలో పెరుగు నిండా గుండుసూది తలంత బుడగలు, రొట్టె వాసన వచ్చాయి. ఇది ఈస్టు. తోడు సీసాను రోజూ తెరిచి వాడటమే దారి అయుంటుంది. దీనికి మరమ్మతు లేదు. గిన్నె పారబోసి, సీసా మరిగించి, వరస ఆపేశాం. బుడగలు, గులాబీ రంగు, నూగు, వీటిలో ఏది కనిపించినా పైపైన తీసేసి మిగతాది తోడుగా వాడకూడదు.

ఇప్పటిదాకా: పాలు 12 లీటర్లు, గిన్నెలు 36, పారబోసింది 0.7 లీటరు.

దశ 7: నిల్వ తోడు, ఇప్పుడు నడుస్తున్న పద్ధతి

ఊరెళ్లొచ్చేసరికి తోడు పోతే మళ్లీ పక్కింటి గడప ఎక్కాల్సిందే కాబట్టి ఐసు ట్రేలో నిల్వ పెట్టాం. తాజా పెరుగు, గడికి 15 గ్రాములు, గడ్డకట్టాక బిగుతు సంచిలోకి. మూడు వారాల తర్వాత ఒక గడి తీసి, ఫ్రిజ్‌లోనే కరగనిచ్చి, 3 శాతం లెక్కన వేస్తే 7 గంటల 15 నిమిషాలు పట్టింది. దాని రెండో తరం 5 గంటల 20 నిమిషాలకు వచ్చేసింది. గడ్డకట్టించిన తోడుతో మొదటి పెరుగును బట్టి తీర్పు చెప్పొద్దు.

తోడు బొత్తిగా లేనప్పుడు పచ్చిమిరప తొడిమలు వేసే పద్ధతి ఉంది. తొడిమలమీద లాక్టిక్ బాక్టీరియా ఉంటుంది, పనిచేస్తుంది, కానీ దానితోపాటు ఇంకేమేం ఉన్నాయో మన చేతిలో లేదు. మొదటి గిన్నె తినకుండా, దాన్ని తోడుగా మాత్రమే వాడి రెండు మూడు తరాలు నడిపాక తినడం మేలు.

ప్రస్తుతం అర లీటరుకు:

1. 90 డిగ్రీలు, 10 నిమిషాలు, మూతతో.
2. తిప్పి కొలిచి 42.
3. రెండు రోజుల్లోపు తోడు 10 గ్రాములు, గిలక్కొట్టి.
4. పెట్టె, ఒక సీసా. చలికాలం రెండు.
5. నాలుగున్నర గంటలకు మొదటిసారి చూడటం, అంతకుముందు మూత తీయకపోవడం.
6. అంచు విడివడగానే 30 గ్రాములు సీసాలోకి, మిగతాది కదపకుండా ఫ్రిజ్‌లోకి. చల్లబడేలోపు కోస్తే తేట కారుతుంది, రెండు గంటలు ఆగాలి.

ఐసు గడుల్లో ఇంకా ఎనిమిది మిగిలాయి. నెలకొకటి చొప్పున తీసి వేసి, పట్టిన గంటలు ఇక్కడే చేరుస్తాం.